చదరపు లెక్కలు చెప్పబోయే మనవరాలికి

తల్లీ,

ఆదివారాల్లో వీధిలోని మూడో తరగతి పిల్లలకు లెక్కలు చెప్తావని మీ నాయన ఫోన్లో చెప్పాడు. సంతోషమే. నీ కోపం తెలిసినదాన్ని కాబట్టి కాస్త గుబులు కూడా.

ఎన్ని వరుసలో వరుసకు అన్నే ఉంటే, ఆ అంకెను దాంతోనే గుణించాలి. ఏడు వరుసలు, వరుసకు ఏడు మొక్కలంటే 49. కొందరు ఏడూ ఏడూ కూడి 14 అంటారు. చుక్కలు పెట్టించు, వాళ్లే నాలుక కరుచుకుంటారు.

నా భయమల్లా ఏమడిగారో చూడకుండా ఎక్కం అప్పజెప్పేవాళ్ల గురించే. మీ చిన్నబ్బకు నిద్రలో లేపినా ఎక్కాలు వచ్చేవి. నార్పల దగ్గర చేనులో చీనీ, అదే బత్తాయి, పెడతానని బయల్దేరాడు. వంద అడుగుల చదరం, చెట్టుకూ చెట్టుకూ 20 అడుగులు. "వందలో ఇరవైలు ఐదు, ఐదు ఐదులు ఇరవై ఐదు" అంటూ 25 అంటు మొక్కలు తెచ్చేశాడు. గుంతలేమో సరిగ్గా గట్టు మూల నుంచే తవ్వించాడు. మూలన ఒకటి, 20 దగ్గర, 40, 60, 80, అవతలి కొసన 100 దగ్గర ఇంకొకటి. లెక్కపెట్టు, ఆరు. ఆరు ఆర్లు 36. అంట్లు చాలక 11 గుంతలు ఖాళీ, కూలీ దండగ. రేపు కొమ్మలు నా చేలోకి వస్తాయని పక్క రైతు రచ్చ. అన్ని వైపులా పదేసి అడుగులు వదిలి మొదలుపెట్టుంటే వరుసకు ఐదే పట్టేవి, తెచ్చినవి సరిపోయేవి. ఎక్కం తప్పలేదు, ఖాళీలను లెక్కపెట్టి చెట్లనుకున్నాడు. ఆ తర్వాత ఇంట్లో ఎవరూ ఆయన ముందు ఐదో ఎక్కం ఎత్తలేదులే!

అందుకే గుణించే ముందు, లెక్కపెట్టేది దేన్నో పిల్లల నోటితోనే చెప్పించు.

తిరగేసి కూడా అడుగు: 64 మొక్కలను చదరంగా నాటితే వరుసకు ఎన్ని? తర్వాత 50 ఇవ్వు. ఏడేసి నాటితే ఒకటి మిగులుతుంది. "లెక్కే తప్పక్కా" అన్నవాడిని కసురుకోకు, వాడికి అర్థమైంది.

ఎనిమిదో ఎక్కం రాలేదని ఎవరినీ నిలబెట్టొద్దు. దెబ్బలకు జడిసి బడి మానేసిన పిల్లలు నాకు ఇంకా గుర్తున్నారు. ఏడు ఏడులు 49 అని వస్తే చాలు: ఆ 49 చింతగింజల పక్కన నిలువుగా 7, కింద అడ్డంగా 8 పేర్చమను. 64 వాళ్ల చేతుల్లోనే తేలుతుంది. శెనక్కాయ విత్తనాలు మాత్రం ఇవ్వకు, లెక్క తేలేలోపు తినేస్తారు.

శనివారం ఫోన్ చేసి నీ లెక్కలు ముందు నాకు చదివి వినిపించు. తొమ్మిది దాటాక చెయ్యకు, పడుకుంటాను.

మీ జేజి