దోస్తొయెవ్‌స్కీ గురించి ముందు ఆయన స్టెనోని అడగండి

ప్రశ్న: దోస్తొయెవ్‌స్కీ జీవితం, రచనల మీద వచ్చిన పుస్తకాల్లో దేనితో మొదలుపెట్టాలి? జోసెఫ్ ఫ్రాంక్ రాసిన అయిదు సంపుటాలూ చదవక తప్పదా?

నిక్షేపంగా తప్పుతుంది. ముందు ఆయన భార్య అన్నా గ్రిగోరియెవ్‌నా రాసిన జ్ఞాపకాలు చదవండి. (మనకి 'అన్నా' అంటే ఎవరో తమ్ముడు పిలిచినట్టుంటుంది. పది పేజీలకి అలవాటైపోతుంది.) నేనేదో సాహిత్యం చదువుకున్నదాన్నని చెప్పడం లేదు. నా చదువు ఇంటర్, ఆ పైన కాకినాడలో టైపు ఇన్‌స్టిట్యూట్, షార్ట్‌హ్యాండ్ హయ్యర్. ముప్పై రెండేళ్ళు స్టెనోగా చేసి రిటైరయ్యాను. ఆ పుస్తకం అసలు ఒక స్టెనో కథ. జూదం, అప్పులు, మూర్ఛలు, ప్రేమ అన్నీ ఆ తర్వాతే.

దాన్ని ఒక ఆదివారం ఆబిడ్స్ పేవ్‌మెంట్ మీద కొన్నాను. బియాట్రిస్ స్టిల్‌మన్ చేసిన ఇంగ్లీషు అనువాదం, 1975 నాటిది. అట్ట ఊడింది, నలభై రూపాయలు. 'నేరము–శిక్ష' రాసినాయన భార్య పుస్తకం కదా అని తెచ్చానే గానీ, అందులో స్టెనో ఉందని నాకు తెలీదు. పప్పు పొయ్యి మీద పెట్టి మొదటి పేజీలు తిరగేశాను. పప్పు మాడింది.

సంగతేమిటంటే, 1866లో దోస్తొయెవ్‌స్కీ మెడ మీద కత్తి వేలాడుతోంది. చనిపోయిన అన్నగారి అప్పులు ఈయన నెత్తిన పడ్డాయి. స్టెల్లోవ్‌స్కీ అనే పబ్లిషర్ ముందటేడు మూడు వేల రూబుళ్ళిచ్చి కాగితం రాయించుకున్నాడు. 1866 నవంబర్ 1 లోగా కొత్త నవల ఇవ్వకపోతే, తొమ్మిదేళ్ళ పాటు ఈయన రాతలన్నీ పైసా ఇవ్వకుండా అచ్చేసుకోవచ్చు. అక్టోబర్ వచ్చేసరికి ఒక్క పేజీ లేదు. తలా కొంత రాసి పడేస్తామన్నారు స్నేహితులు. ఈయన ఒప్పుకోలేదు. సరే, స్టెనోని పెట్టుకో అన్నారు.

అలా వచ్చింది ఇరవై ఏళ్ళ అన్నా. పని మొత్తానికి 50 రూబుళ్ళు. ఆమె షార్ట్‌హ్యాండ్ మాస్టారు అడ్రసు చీటీ చేతిలో పెట్టి, పదకొండున్నరకి వెళ్ళు, ముందూ వద్దు వెనకా వద్దు అన్నాడు. దారిలో బజారులో ఆగి నాలుగు పెన్సిళ్ళు ఎక్కువే కొంది, కాగితాలు పెట్టుకోవడానికి చిన్న తోలు సంచీ ఒకటి కొంది, కాస్త పెద్దదానిలా కనపడాలని! నా మొదటి ఉద్యోగం రోజున నేను మా పిన్ని రిస్ట్‌వాచీ అడిగి పెట్టుకెళ్ళాను. అది నడిచేది కాదు.

ఆ మొదటి రోజు పరీక్ష చూడండి. పెద్దాయన ఒక పత్రిక తీసి గబగబా చదివేశాడు. మామూలుగా మాట్లాడినంత వేగంతో చదవండి అందీ అమ్మాయి. తర్వాత ఆమె తిరగరాసింది చూసి ఒక ఫుల్‌స్టాప్ పోయిందని, ఒక అక్షరం సరిగా పడలేదని కసిరాడు. పేరు చెప్పినా మళ్ళీ మళ్ళీ అడిగాడు. కాసేపు అటూ ఇటూ తిరిగి, ఇప్పుడు నా వల్ల కాదు, సాయంత్రం ఎనిమిదింటికి రా అన్నాడు. మనిషి తనకి నచ్చలేదని ఆవిడ దాచకుండా రాసింది.

ఆ ఫుల్‌స్టాప్ దగ్గర నేను పుస్తకం మూసి కాసేపు కూచున్నాను. ఉద్యోగంలో చేరిన రెండో నెలలో మా ఆఫీసరు ఒక క్రమశిక్షణ ఫైలు మీద నోట్ డిక్టేట్ చేశాడు. కిటికీ వైపు తిరిగి, నోట్లో కిళ్ళీ. షార్ట్‌హ్యాండ్‌లో అచ్చులు వదిలేస్తాం, హల్లులే గీస్తాం. ప్రాసిక్యూట్, పర్సిక్యూట్ రెండింటికీ హల్లులు ఒకటే. గీత తేడాగా వెయ్యాలని మాస్టారు చెవిలో ఇల్లు కట్టుకుని చెప్పాడు. తొందరలో నేను వెయ్యలేదు. ఫలానా ఉద్యోగిని విచారణకి నిలబెట్టవచ్చు అని ఆయన చెప్తే, వేధించవచ్చు అని టైపు చేసి పెట్టాను. ఆయన చూడకుండా సంతకం పెట్టాడు. పైనుంచి ఎర్ర సిరా గీతతో తిరిగొచ్చింది. సంతకం ఆయనది, తిట్లు నాకు, అదీ సెక్షన్ అంతా వింటుండగా. ఆ ఉద్యోగి మాత్రం కారిడార్‌లో కనపడి, 'అమ్మా, మీరొక్కరే నిజం రాశారు' అన్నాడు.

అన్నా ఆ రాత్రి ఎనిమిదింటికి మళ్ళీ వెళ్ళింది. అక్కడుంది గొప్ప. అక్టోబర్ 4 నుంచి 29 వరకు, ఇరవై ఆరు రోజులు. పగలు డిక్టేషన్, రాత్రి ఇంటికెళ్ళి సాపు రాయడం. ఒకరోజు గదిలో ఉండే చైనా జాడీలు కనపడలేదు, తాకట్టుకి పోయాయి. ఇంకోరోజు ఆయన చెక్క గరిటెతో భోంచేస్తున్నాడు, వెండి చెంచాలూ వెళ్ళిపోయాయి. ఇలాంటివి స్టెనో కంటికే ఆనతాయి. మేం ఏం మాట్లాడకుండా గదిలో కూచుంటాం కదా, అన్నీ చూస్తాం. 'జూదరి' నవల అలా పూర్తయింది. తీరా ఇవ్వబోతే స్టెల్లోవ్‌స్కీ ఊళ్ళో లేడు, కావాలనే. వీళ్ళు ముందే ప్లీడర్ని కనుక్కున్నారు కాబట్టి, దోస్తొయెవ్‌స్కీ దాన్ని పోలీస్ స్టేషన్‌లో అప్పగించి రసీదు తీసుకున్నాడు. మరుసటి ఏడు ఫిబ్రవరి కల్లా ఆయనకీ అన్నాకీ పెళ్ళి.

ఈ ఇరవై ఆరు రోజుల మీద మలయాళంలో పెరుంబడవం శ్రీధరన్ నవలే రాశాడు, 1993లో. 'ఒరు సంకీర్తనం పోలె'. మా పక్క సెక్షన్ కేరళ ఆవిడ దాన్ని భాగవతంలా చెప్పేది.

ఇక ఫ్రాంక్. గొప్పవాడే. 1976 నుంచి 2002 దాకా అయిదు సంపుటాలు, రెండున్నర వేల పేజీలు. తర్వాత కుదించి ఒక్క సంపుటంగానూ తెచ్చారు, అదే వెయ్యి పేజీలు. నేను దానిలో సగం చదివాను. ఆనాటి రష్యా వాదోపవాదాలు, నవలలు ఎవరికి జవాబుగా పుట్టాయి అన్నవి కావాలంటే ఆయన్ని మించినవాళ్ళు లేరు. ఫ్రాయిడ్‌ని దులిపిన భాగం మాత్రం రెండుసార్లు చదివాను. ఫ్రాయిడ్ 1928లో, దోస్తొయెవ్‌స్కీ లోలోపల తన తండ్రి చావు కోరుకున్నాడు, ఆ అపరాధ భావమే మూర్ఛలకి మూలం అని ఒక వ్యాసం రాశాడు. ఆ మూర్ఛలు సైబీరియా జైలు రోజుల్లో మొదలైనవని ఫ్రాంక్ ఆధారాలతో చూపిస్తాడు. రోగిని చూడకుండా మందు రాసిచ్చే డాక్టర్లంటే నాకు మొదట్నించీ పడదు.

అంతకంటే ఒళ్ళు మండించేది స్ట్రాఖొవ్. ఇంటి స్నేహితుడు. దోస్తొయెవ్‌స్కీ 1881లో పోయాక, అన్నా భర్త రచనలన్నీ తనే అచ్చు వేయిస్తూ, జీవిత చరిత్ర రాయమని ఇతనికీ ఒరెస్త్ మిల్లర్‌కీ అప్పగించింది. 1883లో అది వచ్చింది. పొగుడుతూ రాశాడు. అదే ఏడు నవంబర్‌లో టాల్‌స్టాయ్‌కి ఉత్తరం రాసి, ఆ మనిషి దుర్మార్గుడు, చరిత్ర రాస్తున్నంతసేపూ అసహ్యాన్ని దిగమింగుకున్నాను అన్నాడు. ఆ ఉత్తరం 1913లో అచ్చయింది. అరవై ఏడేళ్ళ ముసలావిడ అది చదివి ఎలా ఉండి ఉంటుంది! తన జ్ఞాపకాల్లో స్ట్రాఖొవ్‌కి ఒక అధ్యాయమంతా జవాబు చెప్పింది. భర్త తప్పుల్ని ఆవిడ నున్నగా దిద్దేసిందని పండితులంటారు. దిద్దింది, నిజమే. సాపు రాసేటప్పుడు మేమందరం కొంత దిద్దుతాం.

దిద్దనిది కావాలంటే 1867 డైరీ ఉంది. పెళ్ళయ్యాక యూరప్‌లో రూలెట్ బల్లల దగ్గర ఆయన ఓడిపోతుంటే, ఉంగరాలు, చెవి కమ్మలు తాకట్టుకి పోతుంటే రోజూ రాసుకుంది, భర్తకి అర్థం కాకుండా షార్ట్‌హ్యాండ్‌లో, అదీ సొంత గుర్తులు కలిపి. 1918లో యాల్టాలో ఆవిడ పోయాక, ఆవిడే సాపు రాసిపెట్టుకున్నది పోను మిగతా నోటుబుక్కులు ఎవరికీ అంతుపట్టలేదు. దశాబ్దాల తర్వాత వాటిని విప్పింది లెనిన్‌గ్రాడ్‌లో పొషెమాన్‌స్కయా అనే ఆవిడ. ప్రొఫెసర్ కాదు, స్టెనోగ్రాఫర్.

అది తెలిశాక అటక మీది నా పాత నోటుబుక్కులు దించాను. తారీఖులు, ఒక కిరాణా లెక్క తప్ప ఏమీ చదవలేకపోయాను.