స్ప్రింట్ ఈత నుంచి కోచింగ్‌కి: పాఠకుల ప్రశ్నలు, మా జవాబులు

ప్రశ్న: చాలా ఏళ్ళు 50, 100 మీటర్ల ఫ్రీస్టయిల్ పోటీల్లో ఈది, ఈమధ్యే ఒక క్లబ్బులో అసిస్టెంట్ కోచ్‌గా చేరాను. నేను చేసిన సెట్లే 12–14 ఏళ్ళ పిల్లలతో చేయిస్తున్నాను. 50 మీటర్లు ఇరవై సార్లు, మధ్యలో 20 సెకన్ల విశ్రాంతి. మొదట్లో టైములు తగ్గాయి, తర్వాత ఆగిపోయాయి. ఇద్దరికి భుజం నొప్పి కూడా మొదలైంది. లోపం ఎక్కడుంది?

జవాబు: లోపం విశ్రాంతిలో ఉంది. మీరు చెప్పినది ఓపిక పెంచే సెట్. దాని ఉపయోగం దానికుంది, కానీ దానితో వేగం రాదు. పూర్తి వేగానికి కావలసిన శక్తి కండరాల్లోని క్రియాటిన్ ఫాస్ఫేట్ నుంచి వస్తుంది. అది పది సెకన్ల పాటు సరిపోతుందంతే. అందులో సగం అర నిమిషంలో తిరిగి చేరుతుంది గానీ, దాదాపు పూర్తిగా నిండడానికి మూడు నుంచి ఐదు నిమిషాలు పడుతుంది. 20 సెకన్లకే మళ్ళీ దూకిస్తే మూడో సారి నుంచే పిల్లవాడు తన అసలు వేగానికి బాగా తక్కువగా ఈదుతాడు. మిగతా పద్దెనిమిది సార్లూ అతని చేతులకి అలవాటయ్యేది ఆ నెమ్మదే.

భుజం నొప్పికి మూలమూ అక్కడే ఉంది. అలసిన చెయ్యి నీళ్ళలో మోచెయ్యి పైకి నిలపలేదు. మోచెయ్యి జారితే భారమంతా భుజం ముందు భాగం మీద పడుతుంది. దానికి తోడు పెద్ద ప్యాడిల్స్ (అరచేతికి తగిలించుకునే ప్లాస్టిక్ పలకలు) వాడుతుంటే వెంటనే తీసేయండి. ఈ వయసులో స్ప్రింట్‌కి ప్యాడిల్స్ అక్కర్లేదు. నొప్పి ఉన్న పిల్లలతో కొన్నాళ్ళు కిక్ మాత్రమే చేయించండి, అదీ కిక్‌బోర్డ్ (చేత్తో పట్టుకునే తేలే పలక) లేకుండా, చేతులు పక్కన పెట్టి. చేతులు ముందుకి చాచి బోర్డు పట్టుకుంటే అదే భుజం మళ్ళీ నలుగుతుంది. వారంలో తగ్గకపోతే డాక్టరుకి చూపించాల్సిందే.

ఇక సెట్ సంగతి. వేగం పని వార్మప్ అవగానే పెట్టండి, సెషన్ చివర వద్దు. 600–800 మీటర్ల వార్మప్ తర్వాత 15 మీటర్లు ఆరు సార్లు, రెండేసి నిమిషాలకి ఒకటి. తర్వాత స్టార్టింగ్ బ్లాక్ (పోటీలో దూకే దిమ్మ) మీంచి 25 మీటర్లు నాలుగు సార్లు, మూడున్నర నిమిషాలకి ఒకటి. మొత్తం కలిపితే 190 మీటర్లే. మీకిది మరీ తక్కువనిపిస్తుంది, తల్లిదండ్రులకి ఇంకా తక్కువనిపిస్తుంది. అయినా పెంచకండి. ప్రతి 25కీ టైము రాయండి. 13.0 సెకన్లలో ఈదిన పిల్లవాడు 13.4 దాటాడంటే అతనికి ఆ రోజు వేగం పని ముగిసింది. మిగిలిన సమయం టెక్నిక్‌కీ, తేలికైన పొడవాటి ఈతకీ ఇవ్వండి. ఈ వయసులో వాటి వాటాయే పెద్దది. వేగం పని వారానికి రెండు, మూడు సార్లు చాలు.

ప్రశ్న: పిల్లలకి “నీళ్ళు పట్టుకో” అని ఎన్నిసార్లు చెప్పినా పట్టు రావడం లేదు. ఎలా చెప్పాలి?

జవాబు: బాగా ఈదినవాళ్ళందరికీ వచ్చే ఇబ్బందే ఇది. మీ అరచేతికి తెలిసినది పిల్లవాడి అరచేతికి ఇంకా తెలియదు కాబట్టి కంటికి కనిపించేది చెప్పాలి. పూల్ పక్కన మోకాళ్ళ మీద కూర్చుని, నీటి మట్టానికి దగ్గరగా చెయ్యి చూడండి. ఫోన్‌లో స్లో మోషన్ వీడియో తీస్తే ఇంకా మంచిది. చెయ్యి లోపలికి వెళ్ళాక వేళ్ళ చుట్టూ తెల్లటి బుడగలు వెంటబడి వస్తున్నాయంటే, అది నీటిని తొయ్యడం లేదు, గాలిని లాగుతోంది. చెయ్యి నీటి మీద చరిచినట్టు పడుతుంటే ఇలా అవుతుంది. వేళ్ళ కొనలు ముందు దిగి, వెనకే మణికట్టు, దాని వెనక మోచెయ్యి దిగాలి. “బుడగలు లేకుండా పెట్టు” అంటే పదేళ్ళ పిల్లకి కూడా అర్థమవుతుంది.

టైముతో పాటు 25 మీటర్లకి ఎన్నిసార్లు చేతులు వేశాడో కూడా లెక్కపెట్టండి. అదే 13 సెకన్లకి మొన్న 20 చేతులు పట్టి ఇవాళ 23 పడితే పట్టు జారుతోందన్నమాట.

ప్రశ్న: స్టార్ట్‌లో పిల్లలు మరీ లోతుకి వెళ్ళిపోతున్నారు.

జవాబు: ముందు పూల్ లోతు కొలవండి. అంతర్జాతీయ ఈత సమాఖ్య వరల్డ్ అక్వాటిక్స్ నియమం ప్రకారం స్టార్టింగ్ బ్లాకులున్న చోట గోడకి 1 మీటరు నుంచి 6 మీటర్ల దాకా కనీసం 1.35 మీటర్ల లోతు ఉండాలి. కొత్తగా నేర్చుకునేవాళ్ళకి అది కూడా చాలదు. ఇంకా లోతైన వైపు, అది కూడా గట్టు మీంచి మొదలుపెట్టండి.

లోతుకి పోవడానికి ఎక్కువగా కనిపించే కారణాలు రెండు. కాళ్ళు తన్నకముందే ముందుకి వాలిపోవడం ఒకటి, అప్పుడు శరీరం ఎగరదు, పడిపోతుంది. రెండోది, నీళ్ళలోకి వెళ్ళాక కూడా చేతుల్ని కిందికే చూపిస్తూ ఉండడం. వెనక కాలు బ్లాకు వెనక వాలుగా ఉన్న పలక (కిక్ ప్లేట్) మీద, మోకాలు లంబకోణానికి కాస్త అటూఇటూగా వంచి, నడుము పైకెత్తి నిలబెట్టండి. హారన్ మోగగానే చేతులతో బ్లాకుని వెనక్కి లాగి, వెనక కాలితో ముందుగా తన్నాలి. చేతులు, తల, నడుము, పాదాలు ఒకే చోట నీళ్ళలో దిగాలి. పాదాలు మునిగిన క్షణంలో వేళ్ళ కొనలు కొద్దిగా పైకి తిప్పమనండి, లోతు అక్కడే ఆగుతుంది. డాల్ఫిన్ కిక్ (రెండు కాళ్ళూ కలిపి నీటి అడుగున తన్నడం) ఆ తర్వాతే.

గాల్లో స్ప్రింటర్ వేగం అతని ఈత వేగానికి దాదాపు రెట్టింపు. అందుకే ఇక్కడ పోగొట్టుకున్నది తర్వాత తిరిగి రాదు. 15 మీటర్ల గీత దగ్గరికి వచ్చేసరికి తల నీటి పైకి రావాలన్న నియమం మర్చిపోకండి.

ప్రశ్న: 50 మీటర్ల పోటీలో ఊపిరి తీసుకోకుండా ఈదాలంటారు కదా. నీటి అడుగున పూల్ పొడవునా ఈదిస్తే అలవాటవుతుందా?

జవాబు: వద్దు. ఈ ఒక్క విషయంలో మా మాట కచ్చితంగా వినండి. ఊపిరి తీసుకోవాలన్న ఆరాటం ఆక్సిజన్ తగ్గినందుకు కాదు, ముఖ్యంగా కార్బన్ డయాక్సైడ్ పెరిగినందుకు వస్తుంది. దూకే ముందు నాలుగైదు సార్లు గబగబా గట్టిగా ఊపిరి పీలిస్తే ఆ వాయువు బయటికి పోతుంది, ఆరాటం ఆలస్యమవుతుంది. ఈలోగా ఆక్సిజన్ అయిపోయి, ఏ హెచ్చరికా లేకుండా స్పృహ తప్పుతుంది. బాగా ఈదగలిగిన పిల్లలే ఇలా మునిగిపోతారు, ఎందుకంటే చివరిదాకా వాళ్ళు బాగానే ఉన్నట్టు కనిపిస్తారు.

సాధన నీటి మీదే చేయించండి. 15 మీటర్లు ఊపిరి లేకుండా, పూర్తి విశ్రాంతితో, రెండు వారాలకోసారి కొద్దిగా పెంచుతూ, 25 మీటర్ల దగ్గర ఆపండి. ముందు గబగబా ఊపిరి పీల్చడం నిషేధం. ఎవరు ఎక్కువసేపు బిగబడతారన్న పందేలూ నిషేధం. ఒక కోచ్ కళ్ళు ఆ లేన్ మీదే ఉండాలి. పోటీలో పిల్లలు 50 మీటర్లకి రెండు సార్లు ఊపిరి తీసుకుంటే ఏమీ కాదు.

ప్రశ్న: నాకు 29 ఏళ్ళు. పోటీలు మానేసి కోచింగ్‌కి రావాలా, ఇంకా ఈదాలా?

జవాబు: వయసు చూసి నిర్ణయించుకోకండి. ఆంథనీ ఎర్విన్ 2000లో 19 ఏళ్ళకి 50 మీటర్ల ఒలింపిక్ స్వర్ణం గెలిచి, మధ్యలో చాలా ఏళ్ళు ఈత మానేసి, 2016లో 35 ఏళ్ళకి మళ్ళీ గెలిచాడు, అది కూడా సెకనులో నూరోవంతు తేడాతో. 2024లో గెలిచిన కామెరాన్ మెక్‌ఎవాయ్‌కి అప్పటికి 30 ఏళ్ళు. అతను ఈత దూరం బాగా తగ్గించి బలం, వేగం మీద పనిచేశాడు. మరోవైపు, 2000, 2004 ఒలింపిక్స్‌లో ఆస్ట్రేలియా తరఫున స్ప్రింట్ ఈదిన బ్రెట్ హాక్ కోచ్‌గా మారి, 2008లో 21.30 సెకన్లతో స్వర్ణం గెలిచిన సీజర్ సియెలోకి శిక్షణ ఇచ్చాడు.

మీ 50 మీటర్ల టైము రెండు సీజన్లుగా కదలకపోతే, శిక్షణ పద్ధతి ఒకసారి మార్చి చూడండి. అప్పటికీ కదలకపోతే కోచింగ్‌కి రండి. ముందు లైఫ్‌సేవింగ్, సీపీఆర్ సర్టిఫికెట్లు తీసుకోండి, ఆ తర్వాతే కోచింగ్ కోర్సు. మొదటి సీజన్ దూరపు ఈతగాళ్ళ గ్రూపులో అసిస్టెంట్‌గా చేయండి. స్ప్రింటర్లకి తెలియనిది, కోచ్‌కి తప్పక కావలసినది అక్కడే దొరుకుతుంది.