అప్పు చేసి కెమెరా కొనాలా?

ప్రశ్న: డిగ్రీ ఆఖరి సంవత్సరంలో ఉన్నాను. సినిమాటోగ్రాఫర్‌గా స్థిరపడి, తర్వాత సొంతంగా సినిమాలు నిర్మించాలనుంది. నాన్న అప్పు చేసైనా మంచి కెమెరా కొనిస్తానంటున్నారు. కొనమంటారా? రెండు పనులూ ఒకరే చేయగలరా?

జవాబు: కొనకండి. కెమెరా బాడీ కొన్నేళ్లకే పాతబడుతుంది, వాయిదాలు ఆగవు. సొంత కెమెరా ఉందని పిలిచేవాళ్లు ఉంటారు గానీ, వాళ్లకు కావలసింది మిగిలే అద్దె, మీ పనితనం కాదు.

ముందు వెలుగు లెక్క పట్టుబడాలి. షట్టర్ (ఒక్కో ఫ్రేముకు వెలుగు పడే సమయం), ఐఎస్‌ఓ (వెలుగుకు కెమెరా స్పందించే స్థాయి), వైట్ బ్యాలెన్స్ (తెలుపు తెల్లగానే కనిపించేలా రంగు సరిచేయడం) చేత్తో మార్చుకోగలిగే ఏ కెమెరా అయినా సరిపోతుంది. ఒక లైటు, ఒక మనిషి, వెలుగును తిప్పికొట్టడానికి ఒక తెల్ల థర్మోకోల్ షీటు చాలు. చిన్న లైటును మీటరు దూరం నుంచి రెండు మీటర్లకు జరిపితే ముఖం మీద వెలుగు సగమవుతుందనుకుంటారు. నాలుగో వంతుకు పడిపోతుంది, అంటే రెండు స్టాపులు (వెలుగు సగమైన ప్రతిసారీ ఒక స్టాపు). లైటుకు మరీ దగ్గరగా ఉన్న నటుడు ఒక్క అడుగు వేస్తే ఎక్స్‌పోజర్ (బొమ్మలో వెలుగు మోతాదు) చెడేది ఇందుకే. నడక ఉన్న షాట్‌కు పెద్ద లైటు దూరంగా పెట్టేదీ ఇందుకే. అలాగే 50 హెర్ట్జ్ కరెంటున్నచోట సెకనుకు 24 ఫ్రేముల్లో 180 డిగ్రీల షట్టర్ (ఒక్కో ఫ్రేముకు సెకనులో 48వ వంతు వెలుగు) పెడితే కొన్ని లైట్ల కింద బొమ్మలో వెలుగు మిణుకుమంటుంది. షట్టర్‌ను 172.8 డిగ్రీలకు, అంటే సెకనులో 50వ వంతుకు తెస్తే చాలావరకు కుదురుతుంది. చవక ఎల్‌ఈడీలను మాత్రం టెస్ట్ షూట్ చేయకుండా నమ్మవద్దు.

తర్వాత కెమెరా విభాగంలో అసిస్టెంట్‌గా చేరండి. మొదట చేతికొచ్చేది క్లాప్, లెన్సు పెట్టెలు, డేటా. డేటా పని చిన్నచూపు చూడకండి. ఫుటేజీ కనీసం రెండు డ్రైవ్‌లలోకి చేరి, చెక్‌సమ్ (కాపీ అసలుతో సమానమేనని తేల్చే లెక్క) సరిపోయి, ఒక కాపీ వేరేచోటికి వెళ్లాకే కార్డు ఫార్మాట్ చేయాలి. హడావుడిలో ముందే ఫార్మాట్ చేసేస్తే పోయేది ఒక రోజు షూటింగ్ మొత్తం. ఆ పైన ఫోకస్, ఆపరేటింగ్.

నిర్మాణం నేర్చుకోవడానికి అప్పటిదాకా ఆగనక్కర్లేదు, మీరున్న సెట్‌లోనే అది దొరుకుతుంది. ప్రతి సెటప్‌కూ (ఒక షాట్‌కు కెమెరా, లైట్లు అమర్చడం) ఎంతసేపు అనుకున్నారు, ఎంత పట్టింది, ఎందుకు ఆలస్యమైంది, ఈ మూడూ రోజూ రాసిపెట్టుకోండి. కొన్ని నెలలకు స్క్రిప్టు చదువుతూనే ఏ సీను ఎన్ని గంటలు తింటుందో చెప్పగలుగుతారు. బడ్జెట్‌కు అసలు పునాది అదే.

ఇక రెండు ముగ్గురు పాత్రలతో, ఒకే లొకేషన్‌లో, రెండు రోజుల్లో పూర్తయ్యే పది నిమిషాల లఘుచిత్రం మీరే నిర్మించండి. కొత్త నిర్మాతలు ఎక్కువగా దెబ్బతినేది షూటింగ్‌లో కాదు, ఆ తర్వాత. డబ్బంతా సెట్ మీదే అయిపోతుంది. సౌండ్ మిక్సింగ్‌కు, కలర్ గ్రేడింగ్‌కు (రంగులు సరిదిద్దే పనికి) ఏమీ మిగలదు. ఆ సొమ్ము మొదటే విడిగా పెట్టి, మొత్తంలో పదో వంతు అనుకోని ఖర్చులకు ఆపండి. కథ, సంగీతం, నటీనటుల అనుమతులు షూటింగ్‌కు ముందే కాగితం మీద ఉండాలి. స్నేహితుడి ట్యూనే కదా అని వదిలేస్తే, సినిమా అమ్మే రోజున ఆ ఒక్క సంతకం కోసం అంతా ఆగుతుంది.

రెండూ ఒకరే చేయవచ్చు. 2018లో వచ్చిన ‘రోమా’కు దర్శకుడు అల్ఫోన్సో కువారోన్ స్వయంగా ఛాయాగ్రాహకుడు, నిర్మాతల్లో ఒకరు కూడా, ఛాయాగ్రహణానికి ఆస్కార్ ఆయనకే వచ్చింది. చిక్కల్లా ఒకే బుర్రలో ఇద్దరు పోట్లాడటం: ఒకరికి ఇంకో అరగంట లైటింగ్ కావాలి, ఇంకొకరికి ప్యాకప్ కావాలి. అందుకే షూటింగ్ రోజుల్లో ‘ఇక చాలు’ అనే అధికారం లైన్ ప్రొడ్యూసర్‌కు (షూటింగ్ ఖర్చు, రోజువారీ ఏర్పాట్లు చూసే వ్యక్తికి) రాతపూర్వకంగా ఇచ్చేయండి.

అన్ని రకాల పనీ చేస్తానని చూపించాలనుకుంటే ఒకే షోరీల్‌లో (మీ పని నమూనాల వీడియోలో) కుక్కవద్దు. ప్రకటనలకు, డాక్యుమెంటరీకి, కథాచిత్రానికి వేర్వేరుగా, రెండేసి నిమిషాలకు మించకుండా చేయండి. కథాచిత్రం రీల్‌లో కనీసం ఒక సీను ముక్కలు చేయకుండా మొదటి నుంచి చివరిదాకా ఉండాలి. అందమైన విడి షాట్ ఎవరికైనా దొరుకుతుంది. ఉదయం తీసిన క్లోజప్, సాయంత్రం తీసిన వైడ్ ఒకే వేళవిగా కనిపిస్తున్నాయా అన్నదే అనుభవజ్ఞులు చూసేది.