మందు లెక్కకి కూడా యాప్ ఎందుకండీ బాబూ

పెళ్లిళ్ల సీజన్ మొదలైందంటే చాలు, బ్యాటరీ ఉబ్బింది, స్టోరేజ్ నిండింది లాంటి మెయిళ్లన్నీ వెనక్కి పోయి ఒకటే ప్రశ్న ముందుకొచ్చి కూర్చుంటది, పార్టీకి ఎంత మందు కొనాలో చెప్పే మంచి యాప్ ఉంటే చెప్పండి సార్ అని. పోయినేడూ ఇదే, అంతకు ముందేడూ ఇదే. మీరు టెక్ కాలమ్ రాస్తున్నారా, వైన్స్ కౌంటర్లో కూర్చున్నారా అని మా ఆవిడ అడుగుతోంది. అందుకని ఈసారి వివరంగా రాసేస్తున్నా, మళ్లీ అడిగితే ఇదే పంపిస్తా.

పటమట నుంచి ఒకాయన (పేరు వేయొద్దన్నారు, ఎందుకో అర్థమైంది): "మా మేనల్లుడికి ఉద్యోగం వచ్చింది, మేడ మీద 40 మందికి పార్టీ పెట్టాం. యాప్‌లో 40 మంది, 4 గంటలు అని కొడితే 200 డ్రింకులు, 12 ఫుల్ బాటిళ్లు కావాలంది. మా బావ చూసి నవ్వాడు. ఎవరి మాట వినాలి?"

బావ మాటే వినండి. కానీ ఆ 12 ఎక్కడి నుంచి ఊడిపడిందో తెలిస్తే మీరు కూడా నవ్వుతారు. ఈ యాప్‌లు చాలావరకు అమెరికా లెక్కతో నడుస్తాయి. మొదటి గంటలో మనిషికి రెండు డ్రింకులు, తర్వాత గంటకొకటి. నాలుగు గంటలకి ఐదు, 40 మందికి 200. వాళ్ల డ్రింకు అంటే 44 ఎంఎల్, ఆ లెక్కన 750 ఫుల్ బాటిల్లో 17 వస్తాయి. 200ని 17తో భాగిస్తే పన్నెండుకి కాస్త తక్కువ, అదీ సంగతి.

ఇందులో రెండు తప్పులున్నాయి, చిత్రం ఏంటంటే రెండూ ఒకదానికొకటి ఎదురు. మన పెగ్గు 44 కాదు, 60. ఫుల్‌లో 12 పెగ్గులే. అంటే నిజంగా 200 పెగ్గులు పోయాలంటే 17 బాటిళ్లు కావాలి, 12 సరిపోవు. పైగా మన విస్కీ, బ్రాందీలో ఆల్కహాల్ 42.8 శాతం, వాళ్లు లెక్కేసుకునేది 40 శాతం, కాబట్టి మన పెగ్గు ఒకటి వాళ్ల డ్రింకు ఒకటిన్నరకి దగ్గర. మన 650 ఎంఎల్ స్ట్రాంగ్ బీరు, 8 శాతం దాకా ఉండేది, ఒక్క సీసాయే వాళ్ల లెక్కలో మూడు డ్రింకులు, యాప్ మాత్రం దాన్ని ఒక బీరు అని రాసుకుని హాయిగా ఉంటది. ఇక రెండో తప్పు ఏంటంటే 40 మంది వస్తే 40 మందీ తాగుతారని అనుకోవడం. అసలు మన ఇళ్లలో పార్టీ అంటే ఏంటి, పిల్లలు, ఆడవాళ్లు, మాల వేసుకున్నవాళ్లు, షుగర్ వచ్చి మానేసినవాళ్లు, పెద్దమావయ్య ముందు తాగనివాళ్లు, పెద్దమావయ్య వెళ్లిపోయాక మొదలెట్టేవాళ్లు. ఈ చివరి కేటగిరీకి ఏ యాప్‌లోనూ బాక్స్ లేదు.

ఆయనతో ఫోన్లో మాట్లాడా. 40 మందిలో తాగేది 22. అందులో బీరు వాళ్లు 8, మిగతా 14 హార్డ్. పద్నాలుగు మందికి తలో నాలుగు పెగ్గులు వేసుకున్నా 56, అంటే ఐదు ఫుల్స్‌కి కూడా నాలుగు పెగ్గులు మిగిలిపోద్ది. బీరు మనిషికి మూడు, మొత్తం 24, రెండు కేసులు. బెజవాడ ఎండల్లో అయితే హార్డ్ వాళ్లలో కొంతమంది బీరుకి మారతారు, అప్పుడు ఒక ఫుల్ తగ్గించి అర కేసు పెంచుకోండి. అయిపోయింది. నెట్ అక్కర్లా, లాగిన్ అక్కర్లా, శుభలేఖ వెనకాల రాసుకోవచ్చు. వాళ్ల బావ కూడా ఐదే చెప్పాడంట, ఏ లెక్కా వేయకుండా, మేడ మెట్ల మీద కూర్చుని వేళ్లు మడిచి.

ఎక్కువ కొనేసి మిగిలినవి వెనక్కి ఇచ్చేయండి అని కూడా ఆ యాప్‌లు సలహా ఇస్తాయి. అది వాళ్ల ఊళ్లో. మన వైన్స్‌లో వెనక్కి ఇస్తానని అడిగి చూడండి, ఎలా చూస్తారో. ఇంకోటి కూడా యాప్‌కి తెలీదు, ఒక మనిషి దగ్గర ఎన్ని సీసాలు ఉండొచ్చో మన రాష్ట్రంలో పరిమితి ఉంది, ఐదు ఫుల్స్, రెండు కేసులు ఒకళ్లే డిక్కీలో వేసుకుని తిరిగితే చిక్కే, ముందే ఎక్సైజ్ స్టేషన్‌కి వెళ్లి పార్టీకి పర్మిట్ సంగతి అడగండి. హైదరాబాద్ నుంచి వచ్చే ఫ్రెండ్‌తో తెప్పిస్తా అనేవాళ్లకి గరికపాడు చెక్‌పోస్టు ఒకటుందని గుర్తుచేస్తున్నా అంతే.

తాగేవాళ్లెవరో తెలుసుకోడానికి ఫ్యామిలీ గ్రూపులో వాట్సాప్ పోల్ పెట్టానని గుంటూరు బ్రాడీపేట నుంచి ఒకబ్బాయి రాశాడు. "విస్కీ, బీరు, కూల్‌డ్రింక్ అని మూడు ఆప్షన్లు పెట్టా సార్, 31 మంది కూల్‌డ్రింక్ నొక్కారు, పార్టీ రోజు తొమ్మిదింటికే మందు అయిపోయింది" అని. నాయనా, పోల్‌లో ఎవరు ఏది నొక్కారో పేర్లతో సహా కనబడుద్ది, ఆ గ్రూపులో మీ తాతయ్య ఉన్నాడు, ఇంకెవడు నొక్కుతాడు విస్కీ? గూగుల్ ఫామ్ పెట్టుకో, ఈమెయిల్ తీసుకునే సెట్టింగ్ ఆఫ్ చేసి. లేదా చెప్పాగా, బావని అడుగు.

ఇప్పుడు అసలు విషయానికొస్తా, నాకు నిద్ర పట్టనివ్వనిది ఇది. అదే అబ్బాయి, తొమ్మిదింటికి మందు అయిపోయింది కదా, వైన్స్ పదింటికి కట్టేస్తారు, బండి తీసేవాడెవడూ సరిగ్గా నిలబడే స్థితిలో లేడు, ఫోన్లో ఇంటికి మందు డెలివరీ అని వెతికాడు. మ్యాప్‌లో దగ్గర్లోని షాపు పేరు కనబడింది, కింద ఫోన్ నంబరు, దాని పక్కన హోమ్ డెలివరీ అని కూడా ఉంది. ఫోన్ చేస్తే అవతలాయన చాలా మర్యాదగా మాట్లాడి, వాట్సాప్‌లో రేట్ల లిస్టు, షాపు ఫొటో పంపాడు. అడ్వాన్స్ 2,400 కొట్టించుకున్నాడు. తర్వాత డెలివరీ కుర్రాడికి ఓటీపీ రావాలంటే రిజిస్ట్రేషన్ 20 రూపాయలు అంటూ ఒక క్యూఆర్ పంపాడు. స్కాన్ చేస్తే ఎమౌంట్ దగ్గర 19,020 అని ఉంది. అదేంటండీ అంటే అది రూపాయలు కాదు సార్, రిజిస్ట్రేషన్ కోడ్, పిన్ కొట్టండి, డబ్బు వెనక్కి వచ్చేస్తుద్ది అన్నాడు. కొట్టాడు. చుట్టూ డీజే మోత, చేతిలో ఫోన్ ఛార్జింగ్ నాలుగు శాతం, వెనక నుంచి పదిమంది "ఏమైందిరా, వస్తోందా" అని అరుపులు, అలాంటప్పుడు చదువుకున్నవాడైనా కొడతాడు, నేనా అబ్బాయిని తిట్టను.

తిట్టాల్సింది వేరే వాళ్లని. మ్యాప్‌లో షాపు వివరాలు మార్చమని ఎవడైనా సూచన పంపొచ్చు, ఎడిట్ నొక్కి తన నంబరు ఇచ్చేయొచ్చు, ఓనర్ ఆ లిస్టింగ్‌ని తన పేరు మీద పెట్టుకోకపోతే దొంగ నంబరు అక్కడ పడిందని ఆయనకి తెలిసేదే లేదు. వైన్స్ వాళ్లు మ్యాప్‌లో తమ షాపు ఎలా కనబడుతోందో చూసుకుంటారంటారా? మన రాష్ట్రంలో వైన్స్ నుంచి ఇంటికి మందు తెచ్చిచ్చే అధికారిక సర్వీసే లేదు, లేని సర్వీసుకి నంబరుందంటేనే అది దొంగ నంబరు. ఈ ఒక్క ముక్క గుర్తుంటే చాలు, మిగతాదంతా అనవసరం. యూపీఐ పిన్ కొట్టేది డబ్బు పంపడానికి, రావడానికి పిన్‌తో పనిలేదు అని ఎన్నిసార్లు రాశానో నాకే గుర్తులేదు, అయినా పార్టీ హడావుడిలో అది ఎవరి బుర్రలోనూ ఉండదు, అందుకే పార్టీ టైము చూసి కొడతారు వాళ్లు.

డబ్బు పోతే వెంటనే సైబర్ క్రైమ్ హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి, తెల్లారాక కాదు, అప్పుడే. డబ్బు ఒక అకౌంట్ నుంచి ఇంకో అకౌంట్‌కి దూకేలోపు ఆపగలిగితే దొరికే ఛాన్సుంది. ఈ అబ్బాయి మర్నాడు మధ్యాహ్నం చేశాడు, ఇంట్లో ఏమంటారో అని.

దీనికి తమ్ముడు ఇంకోటి. వాట్సాప్‌లో శుభలేఖ పేరుతో వచ్చే ఫైల్. చివర్లో పీడీఎఫ్ అని కాకుండా ఏపీకే అని ఉంటది. మంగళగిరి నుంచి ఒక పెద్దాయన రాశారు, "ఏపీకే అని ఉంటే మన ఏపీకే అనుకున్నానండీ, తెలంగాణ వాళ్లకి వేరే కార్డు కొట్టించారేమో అని." చదివి నవ్వాను, తర్వాత ఆయన ఎస్సెమ్మెస్‌లన్నీ ఎక్కడికో వెళ్లిపోతున్నాయని చదివి నవ్వాపేశా. ఏపీకే అంటే కార్డు కాదు, యాప్. నొక్కితే తెలియని యాప్‌లు ఇన్‌స్టాల్ చేయడానికి అనుమతి ఇవ్వమంటది, ఇస్తే ఎస్సెమ్మెస్ చదివే అనుమతి, ఆ తర్వాత యాక్సెసిబిలిటీ, అంటే స్క్రీన్ చూసి మన బదులు తనే నొక్కే అనుమతి. ఆ మూడోదిచ్చారంటే ఫోన్ మీ జేబులో ఉన్నా స్టీరింగ్ వాడి చేతిలోకి పోయినట్టే. నెట్ ఆపేసి, వేరే ఫోన్ నుంచి బ్యాంకుకి చెప్పి, ఆ తర్వాత ఫోన్ మొత్తం రీసెట్ చేయించుకోండి, ఆ యాప్ ఒక్కటి తీసేస్తే సరిపోదు. శుభలేఖ పంపినవాళ్లు మీ చుట్టాలే కదా, ఫోన్ చేసి అడిగితే సంతోషిస్తారు కూడా.

మళ్లీ మందు లెక్క యాప్ దగ్గరికే వస్తా, ఇంకా కోపం తగ్గలా. నాలుగు యాప్‌లు పాత ఫోన్లో వేసి చూశా. ఒకటి కాంటాక్టులు అడిగింది, గెస్టుల్ని సులువుగా చేర్చుకోడానికంట. ఒకటి లొకేషన్ అడిగింది. ఒకటి ఏమీ అడక్కుండా మూడు యాడ్లు వేసి నాలుగోదాని మీద క్లోజ్ గుర్తుని ఆవగింజంత పెట్టింది. కూడికలు భాగహారాలు చేసేదానికి మీ ఇంటికొచ్చే నలభై మంది నంబర్లు దేనికండీ? ఇంకోటి, ఆండ్రాయిడ్‌లో కాంటాక్టులకి అడుగుతారు, కెమెరాకి అడుగుతారు, ఇంటర్నెట్‌కి మాత్రం మామూలుగా మిమ్మల్ని అడిగేదే లేదు. టార్చిలైట్ యాప్‌కి, కాలిక్యులేటర్ యాప్‌కి, ఎంత పెగ్గో చెప్పే యాప్‌కి నెట్ ఎందుకు అని ఆపేసే స్విచ్ కొన్ని ఫోన్లలో లేనే లేదు. ప్రతి అప్‌డేట్‌లో ఐకాన్ల రంగులు మారుస్తారు, ఏఐ బటన్ ఇంకోటి తగిలిస్తారు, ఈ స్విచ్ మాత్రం ఇవ్వరు. ఆ ఏఐ బటన్‌ని కూడా అడిగి చూశా మందు లెక్క, అది చాలా ధైర్యంగా 14 బాటిళ్లు అంది, నేను ఎక్కువనిపిస్తోంది అంటే క్షమించండి మీరు చెప్పింది నిజమే అని 7 చేసింది, తక్కువనిపిస్తోంది అంటే మళ్లీ 11. మా బజార్లో కూరగాయల బేరం కూడా ఇంత తేలిగ్గా తెగదు.

లక్ష్మీపురం నుంచి ఒకాయన: "పార్టీ అయ్యాక కారు నడపొచ్చా లేదా చెప్పే యాప్ వాడుతున్నా, పచ్చ రంగు వస్తే బయల్దేరతా. ఊది చూసే చిన్న మెషీన్ కూడా కొందామనుకుంటున్నా, మంచిదేనా?"

అయ్యా, ముందు ఆ యాప్ తీసేయండి, చదవడం ఆపి ఇప్పుడే. అమెరికాలో ఎక్కువ రాష్ట్రాల్లో పరిమితి 100 ఎంఎల్ రక్తానికి 80 మిల్లీగ్రాములు, మన దగ్గర 30. మీ యాప్ ఎక్కడి రూలు చూసి పచ్చ చూపిస్తోందో సెట్టింగ్స్‌లో చూసుకున్నారా? అక్కడ పచ్చ వచ్చిన మనిషి ఇక్కడ రెండు రెట్లు దాటేసి ఉండొచ్చు. మొదటిసారి దొరికితేనే 10,000 జరిమానా లేదా ఆరు నెలల దాకా జైలు, లేదా రెండూ. పైగా ఆ యాప్ మీ రక్తం చూడట్లేదు, మీరు చెప్పిన బరువూ పెగ్గులూ చూసి ఊహిస్తోంది, నాలుగు పెగ్గులేసిన మనిషి ఎన్నేశాడని అడిగితే ఏం చెప్తాడో మీకు తెలీనిది కాదు. ఇక ఊదే మెషీన్లు, చవగ్గా వచ్చేవాటిలో ఉండేది సెమీకండక్టర్ సెన్సర్, మౌత్‌వాష్ వాసనకి కూడా ఎగిరిపడుద్ది, కొన్నాళ్లకి సరిచేయించకపోతే ఏది పడితే అది చూపిస్తుద్ది. ఫ్యూయల్ సెల్ సెన్సర్ ఉన్నవి మెరుగే, ఖరీదు కూడా అలాగే ఉంటది. గుక్క దిగిన పావుగంట లోపు ఊదితే ఏ మెషీనైనా నోట్లో ఉన్న మందునే కొలుస్తది. ఆ డబ్బులు ఆటోకి పెట్టండి, లేదంటే రాత్రికి అక్కడే చాప వేయించుకోండి.

చివరిది చిన్నది, భవానీపురం నుంచి: "పార్టీలో ఫోన్ బీరు గ్లాసులో పడింది. వాటర్‌ప్రూఫ్ అని కొన్నా. బియ్యంలో పెట్టా. స్పీకర్ గరగరమంటోంది."

వాటర్‌ప్రూఫ్ ఫోన్లకి రాసే ఐపీ 68 రేటింగ్ అంటే మంచినీళ్లతో చేసిన పరీక్ష, బీరుతో కాదు. బీరులో ఉండే తీపి ఎండిపోయి స్పీకర్ జాలీలో అంటుకుపోద్ది. స్విచాఫ్ చేయండి, ఛార్జింగ్ పెట్టొద్దు, తడి బట్టతో పైపైన తుడిచి షాపులో ఇప్పించి శుభ్రం చేయించుకోండి, వారంటీలో చేస్తారని మాత్రం ఆశపడొద్దు. బియ్యం వల్ల ఏమీ కాదు, పిండి రేణువులు ఛార్జింగ్ బొక్కలోకి పోవడం తప్ప. ఆ బియ్యం మళ్లీ డబ్బాలో పోసేశారేమో ఇంట్లో ఒకసారి కనుక్కోండి.