పాస్‌పోర్టులో ఉన్న ‘లెట్’ అంటే అనుమతా, అడ్డంకా?

ప్రశ్న: మన పాస్‌పోర్టులో రాష్ట్రపతి పేరిట ఉండే వాక్యంలో ‘వితౌట్ లెట్ ఆర్ హిండ్రెన్స్’ అని రాసి ఉంది. లెట్ అంటే అనుమతించడం కదా? ‘అనుమతి లేకుండా’ వెళ్లనివ్వమని అడగడమేంటి? ఈ మాటకి ఇంకేమైనా అర్థాలున్నాయా?

జవాబు:

ఇక్కడ లెట్ అంటే అడ్డంకి. ‘అడ్డూ ఆటంకం లేకుండా’ వెళ్లనివ్వండి అని దాని భావం. మీకొచ్చిన ఈ సందేహం పదిహేనేళ్ల కిందట నాకు వచ్చి ఉంటే ఒక పెద్దాయన దగ్గర తలదించుకునే పని తప్పేది. నాకు రాలేదు. లెట్ లాంటి మాటకి కూడా ఎవరైనా డిక్షనరీ తీస్తారా అనుకున్నాను.

అప్పట్లో నేను హైదరాబాద్‌లో ఒక లాయరు గారి దగ్గర దస్తావేజులు తెలుగులోకి మార్చిపెట్టేదాన్ని, పేజీకి ఇంత అని. రిటైరైన ఒకాయన ఫ్లాట్ కొంటున్నారు. అపార్ట్‌మెంట్ల క్రయ దస్తావేజులు నగరంలో చాలావరకు ఇంగ్లీషులోనే టైపవుతాయి కదా, ఆయనేమో ‘సంతకం పెట్టేముందు ప్రతి ముక్కా తెలుగులో చదువుకుంటాను’ అని పట్టుబట్టారు. పద్దెనిమిది పేజీలు. రెండు రాత్రులు కూర్చుని పూర్తిచేశాను. అమ్మేవాళ్లు కొనేవాళ్లకి ఇచ్చే హామీల దగ్గర ఒక వాక్యం ఉంది: కొనుగోలుదారు షెడ్యూలు ఆస్తిని అమ్మకందారుల వైపు నుంచి ‘ఎనీ లెట్ ఆర్ హిండ్రెన్స్’ లేకుండా ప్రశాంతంగా అనుభవించవచ్చు అని. లెట్ అనగానే నా కళ్ల ముందు గేటుకి వేలాడే టు-లెట్ బోర్డు కనపడింది. ఇంటి కాగితంలో లెట్ అంటే అద్దె కాక ఇంకేముంటుంది? ‘అద్దెకు ఇవ్వకుండానూ, ఆటంకము లేకుండానూ అనుభవించవలెను’ అని రాసి ఇచ్చేశాను.

మర్నాడు పొద్దున్నే ఆయన ఆఫీసుకొచ్చారు. చేతిలో నా కాగితాలు, ఆ వాక్యం కింద ఎర్ర సిరాతో రెండు గీతలు. ‘ఏమ్మా, నా డబ్బు పెట్టి నేను కొనుక్కున్న ఇల్లు నేను అద్దెకిచ్చుకోకూడదా? మా అబ్బాయి దగ్గరికెళ్లి ఆర్నెల్లు ఉండి వస్తే అన్నాళ్లూ తాళం వేసుకోవాలా?’ అన్నారు. లాయరు గారు ఆ వాక్యం చదివి ముందు పెద్దగా నవ్వారు. తర్వాత నా వైపు చూసి నవ్వాపేశారు. ‘ఆ బీరువాలో పెద్ద డిక్షనరీ ఉంది, తియ్యమ్మా. లెట్ ఎక్కడుందో చూడు. ఒకటి కాదు, రెండు కనపడతాయి’ అన్నారు.

నిజంగానే రెండున్నాయి. ఒకే మాటకి రెండు అర్థాలుగా కాదు, పక్కన చిన్న అంకెలు వేసి రెండు వేర్వేరు మాటలుగా. మన ‘పాలు’ లాంటిదన్నమాట. గేదె ఇచ్చే పాలు వేరు, ‘ఉద్యమంలో పాలు పంచుకున్నారు’ అనడంలో పాలు వేరు. ఆ రెండోది వాటా. చిన్నప్పుడు నేను ఉద్యమాల్లో గ్లాసులతో పాలు పంచేవారని అనుకునేదాన్ని, అది వేరే సంగతి.

పాత ఇంగ్లీషులో ‘లాటన్’ అని ఒక క్రియ ఉండేది. వదలడం, పోనివ్వడం అని దాని అర్థం. ‘లెట్టన్’ అని ఇంకొకటి. ఆలస్యం చేయడం, అడ్డగించడం. వందల ఏళ్ల వాడకంలో రెండింటి చివర్లూ అరిగిపోయి రెండూ ‘లెట్’గానే మిగిలాయి. మొదటిదే మనం బళ్లో నేర్చుకున్నది. తెలుగు మీడియంలో ‘ఎక్స్ అనుకొనుము’ అని చదివి, ఇంటర్‌లో ఇంగ్లీషు మీడియంకి మారగానే ‘లెట్ ఎక్స్ బి’ అని ఎదురయ్యే లెట్ ఇదే. టు-లెట్ బోర్డులోదీ ఇదే, ఎందుకంటే అద్దెకివ్వడమంటే ఇల్లు కొన్నాళ్లు ఇంకొకరికి వదలడమే. ఇన్‌లెట్, అవుట్‌లెట్‌లలో ఉన్నదీ ఈ వదలడమే. బుక్‌లెట్ మాత్రం ఈ కుటుంబం కాదు. అందులో లెట్ ఫ్రెంచి నుంచి వచ్చిన తోక, ‘చిన్నది’ అని చెప్పడానికి.

రెండోది, అంటే అడ్డగించే లెట్, ఇంకా ఆసక్తిగా ఉంటుంది. దాని మూలం నెమ్మది, మందకొడి అనే అర్థం ఉన్న మాట. ఆ మాటే ఇవాళ ‘లేట్’ అయింది. మనం రోజుకి పదిసార్లు ‘లేటైంది, లేటైంది’ అంటూనే ఉంటాం, దాని తోడబుట్టినదాన్ని మాత్రం పాస్‌పోర్టులో చూసి గుర్తుపట్టం. ఇంకా వెనక్కి వెళితే ఈ రెండు లెట్‌లూ ఒకే మూలధాతువు దగ్గర కలుస్తాయని భాషాశాస్త్రవేత్తలు చెబుతారు. దాని భావం సడలడం. పట్టు సడలిస్తే పోనిచ్చినట్టు. నడక సడలితే నెమ్మదించినట్టు, ఒకరిని నెమ్మదించేలా చేస్తే అడ్డుపడినట్టు. ఒక్క చోట మొదలై పూర్తిగా ఎదురెదురు దిక్కులకి పోయాయి. ఆలస్యం చేయడానికీ ఆపడానికీ పెద్ద తేడా లేదని ఏదో ఒక ఫైలు కోసం ఆఫీసుల చుట్టూ తిరిగిన ఎవరికైనా తెలుసు, కాబట్టి ఆ రెండో దారి నాకు వింతగా అనిపించలేదు.

దీనికి మంచి సాక్ష్యం మా ఇంట్లోనే దొరికింది. మా అక్క కూతురు అమెరికాలో పుట్టింది, అక్కడి పాస్‌పోర్టే. ఒక వేసవి సెలవులకి వచ్చినప్పుడు నేను నా పాస్‌పోర్టు తెచ్చి దాని పాస్‌పోర్టు పక్కన డైనింగ్ టేబుల్ మీద పెట్టాను. వాక్యం ఇంచుమించు అదే. తేడా ఒక్క మాట దగ్గర. మనదాంట్లో ‘వితౌట్ లెట్ ఆర్ హిండ్రెన్స్’, వాళ్లదాంట్లో ‘వితౌట్ డిలే ఆర్ హిండ్రెన్స్’. అది రెండూ చదివి, ‘పిన్నీ, మీ ప్రెసిడెంట్ గారి దాంట్లో టైపింగ్ మిస్టేక్ ఉంది’ అంది. ఇంగ్లీషు తప్ప ఇంకో భాషలో కలలు కూడా కనని పిల్లకి అది తప్పులా కనపడిందంటే ఆ మాట ఎంత మూలకి పోయిందో చూడండి. కెనడా వాళ్లూ ‘డిలే’నే వాడతారు. బ్రిటన్, ఆస్ట్రేలియా, మనం ‘లెట్’ని పట్టుకుని ఉన్నాం. మనకిది బ్రిటిష్ పాస్‌పోర్టుల నుంచి వచ్చిన వాక్యం. రాజు గారి పేరు పోయి రాష్ట్రపతి పేరొచ్చింది, లెట్ కదల్లేదు. అక్కడే ఉన్న హిందీ వాక్యం కూడా చూడండి: ‘బినా రోక్-టోక్’. ఇంగ్లీషు అర్థంకాకపోతే హిందీ చూసి అర్థం చేసుకోవాల్సి రావడం మన పాస్‌పోర్టులోనే జరుగుతుందేమో!

ఇక పాత వాడకాలు. నాలుగు వందల ఏళ్ల కిందట ఇది మామూలు మాటే. షేక్‌స్పియర్ హామ్లెట్ నాటకం మొదటి అంకంలో తండ్రి దయ్యం రమ్మని సైగ చేస్తుంటే హామ్లెట్ దాని వెనక వెళ్లబోతాడు, స్నేహితులు చేతులు పట్టుకుని ఆపుతారు. అప్పుడు ‘నన్ను లెట్ చేసేవాణ్ణి దయ్యాన్ని చేసేస్తా’ అంటాడు. ఇవాళ్టి ఇంగ్లీషుతో చదివితే ‘నన్ను వెళ్లనిచ్చేవాణ్ణి చంపుతా’ అని వస్తుంది. అతని ఉద్దేశం ‘నన్నాపేవాణ్ణి’ అని. బీఏలో ఇంగ్లీషు లిటరేచర్ తీసుకున్నవాళ్లు ఫుట్‌నోట్ చదవకపోతే ఇక్కడ దొరికిపోతారు.

బైబిల్‌లో ఇంకా గట్టి ఉదాహరణ ఉంది. 1611 నాటి కింగ్ జేమ్స్ అనువాదంలో, థెస్సలొనీకయులకు రాసిన రెండో పత్రిక రెండో అధ్యాయం ఏడో వచనంలో ‘హి హూ నౌ లెటెత్ విల్ లెట్’ అని వస్తుంది. ఒకే వాక్యంలో రెండు లెట్‌లు, రెండూ అడ్డగించేవే. తెలుగు బైబిల్ తీసి చూస్తే ‘అడ్డగించుచున్నవాడు’ అని స్పష్టంగా ఉంటుంది. ఈ ఒక్క విషయంలో తెలుగు చదివినవాళ్లకే సుఖం. ఇంగ్లీషువాళ్లకీ ఇబ్బంది అనిపించినట్టుంది, 1881లో వచ్చిన సవరించిన కొత్త నిబంధనలో దాన్ని తీసేసి ‘రిస్ట్రెయిన్’ పెట్టారు.

అలా మామూలు ఇంగ్లీషులోంచి పోయిన మాట కాగితాల్లో మాత్రం ఎందుకు బతికుంది? నేను తప్పు దిద్ది ‘ఎట్టి అడ్డూ ఆటంకమూ లేకుండా’ అని రాసిచ్చినప్పుడు పెద్దాయన అడిగిన ప్రశ్న కూడా ఇంచుమించు ఇదే. ‘అడ్డు అన్నాక మళ్లీ ఆటంకం ఎందుకమ్మా, రెండూ ఒకటేగా?’ అన్నారు. ఒకటే. ఇంగ్లీషు లాయర్లకి జంట మాటలంటే ప్రాణం. గూడ్స్ అండ్ చాటెల్స్ (రెండూ చరాస్తులే), విల్ అండ్ టెస్టమెంట్ (రెండూ వీలునామాయే). 1066లో ఫ్రెంచి మాట్లాడే నార్మన్లు ఇంగ్లండ్‌ని గెలిచాక కోర్టుల్లో ఫ్రెంచి, లాటిన్ మాటలు చేరి, ఏ మాట ఎవరికి తెలుస్తుందో అని రెండూ రాయడం అలవాటైందని దీనికి మామూలుగా చెప్పే కారణం. లెట్ ఆర్ హిండ్రెన్స్ కూడా ఆ బాపతే అని చాలామంది అనేస్తారు కానీ అది పూర్తిగా నిజం కాదు. హిండర్ కూడా అచ్చ ఇంగ్లీషు మాటే, దానికి తగిలించిన ‘అన్స్’ తోక ఒక్కటే ఫ్రెంచిది. ఇది అర్థం కోసం కాదు, చెవికి బరువుగా వినపడటం కోసం పుట్టిన జంట అని నా అభిప్రాయం.

మనమేమీ తక్కువ తినలేదు. మన దస్తావేజుల్లో ‘తగాదాలు, తకరారులు’ ఉండవని రాస్తాం. ‘పుత్రపౌత్ర పారంపర్యముగా, దాన విక్రయాది సర్వ హక్కులతో’ అంటాం. తకరారు, జప్తు, అసలు దస్తావేజు అన్న మాట కూడా అరబ్బీ, ఫారసీల నుంచి వచ్చినవే. ఇంట్లో ఎవరూ ‘నాకు తకరారు లేదు’ అనరు, సబ్ రిజిస్ట్రార్ ఆఫీసు మెట్లెక్కగానే అందరికీ తకరారు వచ్చేస్తుంది. లెట్ కూడా అలాగే కాగితం పట్టుకుని బతికింది. జంటలో రెండో మాట తెలిసిందే కాబట్టి మొదటిది అర్థం కాకపోయినా పని నడిచిపోయింది. నాలాంటివాళ్లు అనువాదం చేసేదాకా.

కాగితాల బయట ఇది బతికున్న ఒకే ఒక్క చోటు ఆటస్థలం. టెన్నిస్‌లో సర్వీస్ బంతి నెట్‌కి తగిలి సరైన గళ్లోనే పడితే లెట్ అంటారు, ఆ సర్వీస్ మళ్లీ చేయాలి. బంతికి మధ్యలో అడ్డు తగిలింది కాబట్టి లెట్. దీన్ని చాలామంది ‘నెట్’ అనే అనుకుంటారు. మా కాలనీలో షటిల్ ఆడేవాళ్లయితే ‘నెట్, నెట్’ అని అరిచి మళ్లీ సర్వీస్ చేస్తారు, నిజానికి షటిల్‌లో సర్వీస్ నెట్‌ని రాసుకుని సరైన చోట పడితే ఆట ఆగదు. అవతలివాళ్లు సిద్ధంగా లేకముందే సర్వీస్ చేస్తే అది లెట్. ఇది చెప్పి నేను రెండుసార్లు గొడవ పెట్టుకున్నాను, ఫలితం లేదు.

మీకెక్కడైనా ఈ మాట తగిలితే నేను చూసే పద్ధతి చెబుతాను. లెట్ నామవాచకంగా ఉండి ముందు ‘వితౌట్’ గానీ ‘ఎనీ’ గానీ ఉంటే దాదాపు ఎప్పుడూ అడ్డంకే. క్రియగా ఉంటే ఇవాళ్టి రాతల్లో అనుమతి లేదా అద్దె, నాలుగు వందల ఏళ్ల నాటి రాతల్లో అయితే ఆగి చూసుకోవాలి. ఒకే అద్దె ఒప్పందంలో రెండూ రావచ్చు: ఒక క్లాజులో ‘సబ్-లెట్ చేయకూడదు’, ఇంకో క్లాజులో ‘లెట్ లేకుండా అనుభవించవచ్చు’. రెండింటికీ ఒకే తెలుగు మాట పెట్టారో, మీ దగ్గరికీ ఎర్ర సిరా గీతలు వస్తాయి. సొంతంగా ఇంగ్లీషు రాసేటప్పుడు మాత్రం ఈ మాట జోలికి పోకండి, చదివేవాళ్లు తప్పు అనుకుంటారు, మా అక్క కూతురిలా.

మీరడిగిన పాస్‌పోర్టు వాక్యానికి నా తెలుగు ఇదీ: ‘ఈ పాస్‌పోర్టు కలిగిన వ్యక్తిని ఎలాంటి అడ్డూ ఆటంకం లేకుండా స్వేచ్ఛగా వెళ్లనివ్వవలసిందిగానూ, వారికి అవసరమైన ప్రతి సహాయాన్నీ రక్షణనూ అందించవలసిందిగానూ భారత గణతంత్ర రాష్ట్రపతి పేరిట సంబంధిత వ్యక్తులందరినీ కోరడమైనది.’ ఇందులో ‘కోరడమైనది’ దగ్గర నాకు ఇంకా తృప్తి లేదు. ఇంగ్లీషులో ‘రిక్వెస్ట్ అండ్ రిక్వైర్’ అని అక్కడా ఒక జంట ఉంది, ఒకటి వినయం, రెండోది అధికారం. రెండూ ఒకే చోట పట్టే తెలుగు మాట ఎవరికైనా తడితే కింద రాయండి.