పాత జపాన్ సినిమాలు చూడాలంటే ఏ నటితో మొదలుపెట్టాలి?

మీరు అడిగినదానికి నా జవాబు ఒక్క పేరే: కినుయో తనాకా.

ఆవిడని నేను మొదటిసారి చూసింది మా అమ్మమ్మ పక్కన కూర్చుని. 1952లో మిజొగుచి తీసిన ‘ఓహారు జీవితం’. అమ్మమ్మకి ఇంగ్లిష్ రాదు, అందుకని సబ్‌టైటిల్స్ చదువుకుంటూ తెలుగులో చెప్తూ వచ్చాను. రాజాస్థానంలో పనిచేసే అమ్మాయి తనకంటే తక్కువ హోదా ఉన్నవాణ్ణి ప్రేమిస్తుంది. అక్కణ్ణుంచి ఇక పతనమే. ఒక ప్రభువుకి కొడుకుని కనిస్తే, బిడ్డని ఉంచుకుని ఆమెని పంపేస్తారు. తర్వాత కన్నతండ్రే వేశ్యావాటికకి అమ్మేస్తాడు. చివర్లో షమిసెన్ అనే తీగల వాద్యం వాయిస్తూ వీధిలో అడుక్కుంటుంటే, ఆ కొడుకే పల్లకీలో ముందు నుంచి వెళ్తాడు. పిలవడానికి లేదు, చెప్పుకోవడానికి లేదు. తొంగి చూసి, కుప్పకూలి ఏడుస్తుంది. అమ్మమ్మ కొంగుతో కళ్లొత్తుకుంటూ, “ఇంక నువ్వు చెప్పక్కర్లేదురా, తెలుస్తూనే ఉంది” అంది.

మూకీల రోజుల్లో జపాన్ హాళ్లలో తెర పక్కన నిలబడి కథ చెప్పేవాళ్లు ఉండేవారని, వాళ్లని బెన్షి అంటారని ఆ తర్వాత తెలిసింది. తనాకా మొదలైంది ఆ కాలంలోనే. 1909లో షిమొనొసెకిలో పుట్టి, ఒసాకాలో బివా అనే తీగల వాద్యం వాయించే అమ్మాయిల బృందంలో చేరి, 1924లో 14 ఏళ్లకే షోచికు కంపెనీ సినిమాల్లోకి వచ్చింది. అంతకు కొన్నేళ్ల ముందు వరకు అక్కడ ఆడవేషాలు మగవాళ్లే కట్టేవారు, మన నాటకాల్లో స్థానం నరసింహారావు గారిలా. 1931లో జపాన్ మొదటి పూర్తి టాకీలోనూ భార్య పాత్ర తనాకాదే.

నాకు ఆవిడ మీద గౌరవం పెరిగింది మాత్రం యుద్ధం తర్వాతి కథ చదివాక. 1949లో కిమోనో కట్టుకుని అమెరికా వెళ్లింది. తిరిగొచ్చినప్పుడు నల్లకళ్లద్దాలు పెట్టుకుని, జనానికి ముద్దులు విసిరింది. అంతే, అమెరికా మోజులో పడిందని పత్రికలు ఏకిపారేశాయి. ఒక నటి కెరీర్ ముగిసిపోవడానికి అది చాలు. కానీ ఓహారు వచ్చింది ఆ దెబ్బ తర్వాతే!

ఆ వెంటనే డైరెక్షన్ చేస్తానంది. ఎన్నో సినిమాల్లో తనని నడిపించిన మిజొగుచే వద్దన్నాడు. ఆవిడ ఆగలేదు. నరుసె అనే ఇంకో డైరెక్టర్ దగ్గర అసిస్టెంట్‌గా పని నేర్చుకుని 1953లో ‘ప్రేమలేఖ’ తీసింది. మన భానుమతి గారు ‘చండీరాణి’ డైరెక్ట్ చేసిందీ అదే ఏడాది. ఈ రెండు సంగతులూ పక్కపక్కన చూసిన రోజు నాకు నిజంగా ఒళ్లు పులకరించింది. తనాకా మొత్తం ఆరు సినిమాలు తీసింది. రొమ్ము క్యాన్సర్‌తో చనిపోతున్న ఒక కవయిత్రి మీద 1955లో తీసినది తప్పకుండా చూడండి.

ముందు ఓహారు చూడండి. కాస్త గట్టి గుండెతో, కుదిరితే ఇంట్లో పెద్దవాళ్లతో కలిసి. తర్వాత నేరుగా 1974లో వచ్చిన ‘సందకన్ 8’కి వెళ్లండి. చిన్నప్పుడు బోర్నియోలో వేశ్యావృత్తికి అమ్ముడుపోయి, ముసలితనంలో పాడుబడ్డ గుడిసెలో పిల్లుల మధ్య బతికే ఆవిడ పాత్ర. దానికి బెర్లిన్ ఫిలిం ఫెస్టివల్‌లో ఉత్తమ నటి అవార్డు వచ్చింది. అప్పటికి తెర మీదకి వచ్చి యాభై ఏళ్లు.