జీతం నీది, కార్డు అన్న దగ్గర

పరకాల దగ్గరి ఊరి నుంచి వచ్చి హైదరాబాద్ బట్టల షోరూంలో పనిచేస్తున్న అమ్మాయి రాసింది: ‘జీతం 15 వేలు. ఏటీఎం కార్డు అన్న దగ్గరే. ఖాతాకు, ఆధార్‌కు ఉన్న నంబరూ ఆయనదే. నీ పెళ్లికే దాస్తున్న అంటడు. ఖర్చులకు అడిగితే పంపుతడు. ఇప్పుడు హాస్టల్ ఫీజు పెంచిన్రు. రూమ్ తీసుకోవాలా, ఇంటికి వచ్చేయాలా?’

బిడ్డా, రూముకు అడ్వాన్సు, గ్యాసు, గిన్నెలు కావాలి. ముగ్గురు కలిస్తేనే గిట్టుబాటు. రాత్రి షోరూం మూసినంక ఒక్కదానివే వచ్చేదానివైతే హాస్టల్లోనే ఉండు. ఇంటికి మాత్రం రాకు. ఆ ముచ్చట అయిపోయింది.

ఇక అన్న సంగతి. ఇంటికి పైసలు పంపుడు తప్పని నేననను. బాపు పత్తి అప్పులో, అవ్వ సంఘం కిస్తీలో బిడ్డ చెయ్యి వెయ్యాల్సిందే. కానీ ఇచ్చేది నువ్వే కావాలి. నీ కష్టం కోసం నువ్వే బతిమాలుకునుడేంది?

ముందు బ్యాంకులో ఏడాది స్టేట్‌మెంట్ తీసుకో. పెళ్లికి దాస్తున్నది నిజమైతే నీ పేరు మీద నెలనెలా కట్టే ఆర్డీ గానీ, ఒకేసారి వేసే ఎఫ్‌డీ గానీ ఉండాలె కదా.

షోరూంలో వారం సెలవు మామూలు రోజునే ఇస్తారు కాబట్టి బ్యాంకు తెరిచే ఉంటుంది. జీతం పడకముందే ఈ పని కానివ్వు. నీ ఆధార్ మీద కొత్త సిమ్ తీసుకుని ఆధార్ సెంటర్‌కు పో. నంబరు వేలిముద్రతో మారుస్తారు, పాత నంబరు ఓటీపీతో పనిలేదు. తర్వాత బ్యాంకులో నంబరుతో పాటు అడ్రసూ మార్పించు. చాలామంది అడ్రస్ మరిచిపోతారు, కొత్త కార్డు పోస్టులో సక్కగా ఊరికే పోతుంది! పాత కార్డు బ్లాక్ చేయమని, పాత నంబరు మీది యూపీఐ ఆపమని విడిగా రాసివ్వు. పీఎఫ్ ఉంటే యూఏఎన్‌లో (పీఎఫ్ సభ్యుల నంబరు) కూడా ఫోన్ నంబరు మార్చు.

పే స్లిప్ అడుగు. 15 వేల మీద ఈఎస్ఐకి (ఉద్యోగుల ఆరోగ్య బీమా) 0.75 శాతం, అంటే 113 రూపాయలు పోవాలి. పోతుంటే, నీ మీద ఆధారపడ్డ అవ్వ, బాపు పేర్లు ఎక్కించు. దవాఖాన ఖర్చుకు ఎవరి చెయ్యీ చూడక్కర్లేదు.

అంతా మార్చిన సాయంత్రమే అన్నకు నువ్వే ఫోన్ చెయ్. అవ్వతో చెప్పించకు, నడుమ ఆమె నలుగుతది. నెలకు ఇంత అని అవ్వ ఖాతాలో వేస్తానని చెప్పు. స్టేట్‌మెంట్‌లో లెక్క తేలకపోతే పండుగకు పోయినప్పుడు బాపు ముందే అడుగు. అన్నకు కోపమొస్తది, రాఖీకి రావద్దని కూడా అంటడేమో. అయినా పోయి కట్టిరా. కార్డు అడిగితే మాత్రం ఇయ్యకు.